చొప్పకుప్పలో చిన్నాయన

మా చిన్నాయన పోయిన వారం బళ్లారి ఆసుపత్రిలో కన్నుమూశారు. ఫోన్ పెట్టేశాక నాన్న, "వానికి ఎండాకాలమంటే ఇష్టం. ఎండ ముదరకముందే పోయినాడు" అన్నారు.

జంతువుల మీద, పక్షుల మీద చిన్నాయన తీసిన డాక్యుమెంటరీలు మీలో కొందరు టీవీలో చూసే ఉంటారు. కెమెరా ఆయనదే, నిర్మాతా ఆయనే. పెళ్లి వీడియోలతో మొదలుపెట్టారు. భోజనాల బంతి తీయమంటే పందిరి మీద వాలిన గోరింకలను తీసుకొచ్చారని పెళ్లివాళ్లు ఇంటికొచ్చి పోట్లాడారట. తర్వాత సండూరు కొండల్లో ఎలుగుబంట్లు, హగరి ఏటి ఒడ్డున తోడేళ్లు. ఒక సినిమా మీద వచ్చిన డబ్బు ఇంకో సినిమాలో పెట్టేవారు.

ఎర్రటి ఇనుప ఖనిజానికి గిరాకీ పెరిగి అందరూ దాన్ని మోసే లారీలు కొంటున్న రోజులవి. నాన్న కూడా కొన్నారు. చిన్నాయన మాత్రం రూపనగుడి దగ్గర మా నల్లరేగడి బీడులో జొన్నచొప్ప కుప్ప వేసుకుని, దాని లోపల కూర్చున్నారు. అక్కడ ఒక బట్టమేక పిట్ట నేల మీదే గుడ్డు పెట్టింది. అప్పటికే అరుదైపోయిన పక్షి. ఆ గుడ్డులోంచి పిల్ల బయటికి రావడం తీయాలని ఆయన ఆశ.

మనిషి దాక్కున్నాడని తెలిస్తే పిట్ట గుడ్డు దగ్గరికి రాదు. అందుకని కుప్పలోకి ఇద్దరం వెళ్లేవాళ్లం. కాసేపటికి నేనొక్కదాన్నే బయటికొచ్చి వెళ్లిపోయేదాన్ని. పిట్టకు లెక్క తెలియదు. మనుషులు పోయారనుకుని వచ్చి కూర్చునేది.

"ఉరకొద్దు, వెనక్కి తిరగొద్దు. నీ చేలో నువ్వు పోతాండట్ల పో" అనేవారు.

అప్పుడు కాన్వెంటులో చదువుతున్నాను. ఇంటికి ఎవరైనా వస్తే పుస్తకం పట్టుకుని లోపలికి పోయేదాన్ని. "సిస్టర్లు నోరు కుట్టి పంపించినారా ఏమి?" అని మేనత్త ఎగతాళి చేసేది.

"దాని జోలికి పోవద్దక్కా. సుమ్మనే ఉండేవాళ్లు దొరక్క నేను చస్తాండా" అన్నారు చిన్నాయన. నా మౌనం ఒకరికి పనికొస్తుందని అప్పుడే తెలిసింది.

ఇంతలో పెద్దరోడ్డు మీద రద్దీకి తాళలేక నాన్న డ్రైవర్లు మా బీడు మధ్యనుంచి అడ్డదారి తీశారు. చక్రాల జాడ రోజురోజుకూ గుడ్డు వైపు జరిగింది.

"పిల్ల బయటపడేదాకా సుట్టూ పోనీ అన్నా" అన్నారు చిన్నాయన.

"పిట్ట కోసరం లారీలు నిలబెట్టాల్నా? ఊర్లో నన్ను తల ఎత్తుకోనిస్తావా?"

"నిలబెట్టమనలేదు. వంగి పొమ్మంటాండా."

"పెద్ద నిర్మాతవి గదప్పా. నువ్వే ఒక రోడ్డు నిర్మించుకో."

చిన్నాయన నవ్వారు గానీ, ఆ పూట అన్నం సగంలోనే లేచారు.

మర్నాడు నాకు పరీక్ష. కుప్పదాకా తోడు వెళ్లేవాళ్లు లేక ఆయన నాన్ననే పిలిచారు. "ఊరికే నాతో వచ్చి, ఊరికే తిరిగి పో అన్నా." తిట్టుకుంటూనే నాన్న వెళ్లారు.

నేను బడినుంచి వచ్చేసరికి నాన్న వాకిట్లో కూర్చుని ఉన్నారు.

"గట్టు మీద నిలబడి చూసినా పాపా. నేనట్ల పోతానే ఆ పిట్ట ఇట్ల వచ్చి కూర్చున్నాది. నేను పోయినానని నమ్మేసినాది" అన్నారు. లేచి డ్రైవరును పిలిచారు.

"రేపట్నుంచి బీడు సుట్టూ తిరిగి పోండప్పా."

"డీజిలు శానా తాగుతాదన్నా."

"తాగనీ. నీకన్నా ఎక్కువేం తాగదులే."

ఆ తర్వాత చిన్నాయన చాలా సినిమాలు తీశారు. పదిమందిలో మాట్లాడటం నాకిప్పటికీ రాదు. కదలకుండా కూర్చుని ఒకదాన్ని చివరిదాకా చూడటం వచ్చు. అది ఆయన పెట్టిన భిక్ష.

మొన్న ఇంట్లో అందరం కలిసి ఆ బట్టమేక పిట్ట సినిమా చూశాం. తడి ఆరని పిల్ల లేవబోయి పడుతుంది, మళ్లీ లేస్తుంది. దాని వెనక చాలా దూరంలో, ఎర్రటి దుమ్ము తెర పొడవునా సాగుతుంది. తెలియనివాళ్లు మబ్బనుకుంటారు. అవి మా లారీలు. బీడు అంచు వెంబడి, ఒకదాని వెనక ఒకటి, వంపు తిరిగి వెళ్తున్నాయి.