యోగానంద్ ఓడిపోయిన మర్నాడు

రూప పెళ్లి చేసుకున్నది ఒక మిరప రైతును. పల్నాడు నుంచి కెనడా వచ్చాక ఆ రైతు యోగానంద్ టొరంటో పక్కనున్న వాన్ అనే ఊళ్లో ఆరేళ్లు వేర్‌హౌస్ పని చేసి, మార్కమ్‌కు ఉత్తరాన గంటన్నర దూరంలో పన్నెండెకరాలు కొన్నాడు. బెండ, గోంగూర, సొర వేశాడు.

ఆ ఇంట్లో రాజకీయాల మాటే ఉండేది కాదు. రూపకు నొప్పులు మొదలైన రోజున వాళ్ల మట్టిరోడ్డు మీద రెండు రోజుల మంచు నడుం లోతున పడి ఉంది. అంబులెన్స్ మలుపు దగ్గరే ఆగిపోయింది. పక్క పొలం మార్గరెట్, డెబ్బై ఏళ్ల మనిషి, తన ట్రాక్టరుతో మంచు తోసుకుంటూ వచ్చి దారి చేసింది. ఆస్పత్రి చేరిన పావుగంటకు భవిత పుట్టింది.

మరుసటి నెల యోగానంద్ టౌన్‌షిప్ కౌన్సిల్ సమావేశానికి వెళ్లి, వచ్చీరాని ఇంగ్లీషులో ఒకే మాట అడిగాడు: "మా ఇల్లు రోడ్డు చివరుంది. అందుకని మీ లెక్కలో మేం కూడా చివరేనా?"

ఆ వారమే మంచు తీసే బండి వచ్చింది. ఎన్నికలప్పుడు నామినేషన్ కాగితాలు మార్గరెట్టే తెచ్చి అతని ముందు పెట్టింది.

రెండు విడతలు కౌన్సిలర్‌గా చేశాక ఒంటారియో శాసనసభకు గెలిచాడు. వారానికి నాలుగు రోజులు టొరంటోలోనే. ఊళ్లో మూతపడబోయిన ప్రసూతి వార్డు కోసం సొంత పార్టీతోనే పోట్లాడి నిలబెట్టాడు. పొలం, పిల్ల, పనివాళ్లు, అన్నీ రూప ఒక్కతే చూసుకుంది. పల్లెత్తు మాట అనలేదు.

రెండోసారి పోటీ చేసి ఓడిపోయాడు. మర్నాడు పొద్దున్నే చేలోకి వచ్చి, ఆమె పక్కన కూర్చుని బెండ నారు నాటసాగాడు. ముఖం వాడిపోయి ఉంది. రూపకు మనసు పీకింది.

"ఏవండీ, ఒకటి చెప్తాను, తిట్టకూడదు. మీరు ఓడారని వినగానే నాకు సంతోషమేసింది."

అతని చెయ్యి ఆగింది. "ఇన్నాళ్లూ ఒక్క మాటా అనలేదేం?"

"అంటే మీరు మానేసి వచ్చేసేవాళ్లు. ఆ వార్డు మూసేసేవాళ్లు."

అతను మట్టి చేత్తోనే ఆమె చెయ్యి పట్టుకున్నాడు.

"ఈ పొద్దున కారు తాళాలు వెతుక్కునే పని లేకుండా లేచాను రూపా. ఎంత హాయిగా ఉందో. నీకు చెప్పడానికే సిగ్గేసింది."

రూప నవ్వేసింది. కళ్లు తుడుచుకుంటూనే అతను నాటిన మొక్కనొకటి పైకి లాగి చూపించింది.

"ఇంత లోతా? నాలుగేళ్లలో నాటడం కూడా మర్చిపోయారు."

యోగానంద్ ఆ వరసంతా మళ్లీ నాటాడు.