బావి దగ్గర కలిసిన గట్టు

మొన్న సిద్దిపేటలో, రిటైరయ్యాక రాసిన జ్యామితి వ్యాసాన్ని జిరాక్సు తీయించుకుంటుంటే, దుకాణంలోని అమ్మాయి ఆ బొమ్మలను వింతగా చూసి, "మేడం, గీ గీతలు దేనికి అక్కరకొస్తయి?" అని అడిగింది. నవ్వేసి వచ్చాను గానీ, ఇల్లు చేరేదాకా నా మనసు వేములఘాట్‌లోని మా మూడు మూలల చెలక పొలం చుట్టే తిరిగింది.

ఆ చెలక ఒక అంచున, సరిగ్గా నడుమ కాకుండా కాస్త పక్కకు, బావి ఉండేది. నాయిన, ఆయన అన్న పెద్దబాపు వేరుపడ్డప్పుడు భూమి సమానంగా రావాలి, బావి ఇద్దరి హద్దులోనూ ఉండాలి అన్నారు. పెద్దమనుషులు ఎన్నిసార్లు తాడు లాగినా ఎవరో ఒకరి ముక్క పెద్దదిగా తేలేది. చివరికి అన్నదమ్ములకు మాటలు పోయి, కోర్టుకెక్కుదామన్నంత వరకు వచ్చింది.

నేనప్పుడు సిద్దిపేట కాలేజీలో కొత్తగా చేరిన లెక్కల లెక్చరర్ని. ఒక ఆదివారం ఊరికి పోతూ, కుదుపుల బస్సులో టికెట్టు వెనక ఆ చెలక బొమ్మ గీస్తుంటే ఒక్కసారిగా తట్టింది చూడండి, ఒళ్లంతా ఝల్లుమంది! బావి నుంచి ఎదుటి మూలకు ఒక గీత. బావి ఉన్న అంచుకు సరిగ్గా నడుమ నుంచి దానికి సమాంతరంగా ఇంకో గీత. ఆ రెండో గీత పక్క అంచును తాకిన చోటి నుంచి బావికి గట్టు వేస్తే చాలు, రెండు ముక్కలూ సమానం. బస్సు దిగి, ఇంటికైనా పోకుండా చెలకకు పరుగెత్తాను.

తాళ్లు లాగి మేకులు కొట్టాక చూస్తే ఒక ముక్కకు మూడు మూలలు, ఇంకోదానికి నాలుగు. పెద్దబాపు మండిపడ్డాడు. "మూడు మూలలది నాకా? గిదేం పంచుడు బిడ్డా!" అన్నాడు. "నువ్వే కొలువు పెద్దబాపూ" అన్నాను. ఆయన ఎవరినీ నమ్మి తాడివ్వకుండా, నాలుగు మూలల ముక్కను రెండు త్రిభుజాలు చేసి, నేను చెప్పినట్టే వాటితో పాటు మూడు మూలల ముక్కకూ పొడవూ ఎత్తూ తానే కొలిచాడు. లెక్క కూడితే రెండు ముక్కలూ ఒకటే! ఆయన తాడు చుట్టి పక్కన పెట్టి, ఆరు నెలల తర్వాత మొదటిసారి నాయిన వైపు తిరిగాడు. "తమ్మీ, మొదలు నీ మడికే నీళ్లు పెట్టుకో" అన్నాడు. నాయిన తలపాగా విప్పి మొహం తుడుచుకున్నాడు.

ఆ సాయంత్రమే అనుకున్నాను, బతికితే జ్యామితితోనే బతకాలని. తర్వాత పరిశోధన, పత్రికల్లో వ్యాసాలు, తప్పులు దొరికి చించేసిన నోటుబుక్కులు, ఇన్నేళ్లూ ఆ ఆనందంలోనే గడిచిపోయాయి.

ఇప్పుడా చెలక మల్లన్నసాగర్ రిజర్వాయరు నీళ్ల కింద ఉంది. అన్నదమ్ములిద్దరూ లేరు. పోయిన నెల మనవరాలిని తీసుకెళ్లి ఆ కట్ట మీద నిలబడి చాలాసేపు చూశాను. జీవితమంతా గీతలతో, కొలతలతో గడిపినదాన్ని, మా భూమి ఏ దిక్కున ఉందో మనవరాలికి చెయ్యి చాపి చూపించలేకపోయాను.