రద్దు చేయబోయి కుదుర్చుకున్న బేరం

మాది సికింద్రాబాద్‌లో స్టీలు, ఇత్తడి సామాన్ల దుకాణం. రోడ్డు మీద నుంచి లోపలికి రావడానికి నాలుగు మెట్లుంటాయి. మా నాన్న నాకు నేర్పిన వ్యాపారమంతా ఆ మెట్ల మీదే ఉంది. ధర నచ్చక లేచిపోయే మనిషిని పై మెట్టు మీదే పిలిస్తే మన తొందర బయటపడుతుంది. రోడ్డు మీద కాలు పెట్టాక పిలిస్తే ఆలోపే పక్క దుకాణం వాడు పిలిచేస్తాడు. ఆఖరి మెట్టు మీద ఆగీ ఆగనట్టు ఆగిన క్షణం చూసి, తల ఎత్తకుండా, చేతిలో గిన్నె తుడుచుకుంటూ, "రాండ్రి, మీ మాటే కానియ్యుండ్రి" అనాలి. నాన్న అలా అంటే వెనక్కి తిరగని మనిషిని నేను చూడలేదు.

నేను ఆ విద్యను అటువైపు నుంచి కూడా సాధన చేశాను. కూరగాయల బండి దగ్గర, ఆటోల దగ్గర, ఆఖరికి పళ్ల డాక్టరు దగ్గర కూడా లేచి రెండడుగులు వేసి, పిలుపు కోసం చెవులు వెనక్కి పెట్టేవాణ్ని. డాక్టరు పిలవలేదు. ఆ పన్ను ఇప్పటికీ నెప్పి పెడుతూనే ఉంది.

మా చెల్లెలు మాత్రం ఎవరినీ వెనక్కి పిలిచేది కాదు. నాన్న పోయాక కౌంటర్ తనదే అయింది. ధర ఒక్కసారి చెప్పేది, అంతే. కొంటే కట్టి ఇచ్చేది, పోతే తన పనిలోకి తను వెళ్లిపోయేది. ఆ పని గిన్నెల మీద పేర్లు చెక్కడం. పెన్నులాంటి చిన్న కరెంటు మిషను ఉంటుంది, దాంతో స్టీలు మీద చుక్క పక్కన చుక్క పెడుతూ అక్షరాలు దించుతారు. పెళ్లిళ్ల రోజుల్లో పొద్దుటి నుంచి సాయంత్రం దాకా తను వాళ్లవీ వీళ్లవీ పేర్లు జంటలు జంటలుగా చెక్కుతూనే ఉండేది. తన చేతి అక్షరం కోసం అల్వాల్ నుంచి కూడా వచ్చేవాళ్లు.

దుకాణంలో అమ్మకానికి లేని వస్తువు ఒక్కటే ఉండేది. పై అరలో, నాన్న పాత పంచెలో చుట్టి పెట్టిన ఇత్తడి గంగాళం. చెల్లెలు ఇంటర్ చదివే రోజుల్లో వచ్చిన సరుకులోంచి నాన్న దాన్ని చెల్లెలి పెళ్లికని పక్కన పెట్టాడు. ప్రతి దసరాకూ కిందికి దింపి, చింతపండుతో తోమి, మళ్లీ ఎక్కించేవాళ్లం. అంచు కింద పేరు చెక్కే చోటు ఖాళీగా ఉండేది. కుదిరినంక చెక్కుదామనేవాడు నాన్న.

కుదరలేదు. చెప్పుకోదగ్గ కథేమీ లేదు దాంట్లో. ఒకరికి ఎత్తు సరిపోలేదు, ఒకరికి జాతకం. కొందరిని మేమే వద్దన్నాం. తర్వాత నాన్న మంచాన పడ్డాడు, తర్వాత దుకాణం తన మీద పడింది. చెల్లెలికి నలభై దగ్గర పడుతున్నప్పుడు నేనే తన ఫొటో, వివరాలు ఒక పెళ్లిసంబంధాల యాప్‌లో పెట్టాను. మూడు నెలలకోసారి దుకాణం ఖాతాలోంచి డబ్బు దానంతటదే కట్టయ్యే పద్ధతికి ఒప్పుకుంటే ధర తక్కువన్నారు. ధర తక్కువన్న మాట వినిపించాక తక్కిన మాటలు నాకు వినిపించవు.

రెండేళ్లు వాళ్లనీ వీళ్లనీ చూశాక, ఒకరోజు చెల్లెలు ఇక చాలంది. తనను ఎవరికీ చూపించొద్దంది. సరేనని తన ఎదుటే ఫోన్ తీసి, ఆ యాప్ బొమ్మ మీద వేలు నొక్కి పట్టాను. అది గజగజ వణికి మాయమైపోయింది. షట్టర్ దించితే దుకాణం బందైనట్టే కదా, నాకు తెలిసిందంతే. నా ఫోన్‌లోంచి పోయింది వాళ్ల గుమ్మం మాత్రమేననీ, మా చెల్లెలి ఫొటో వాళ్ల అద్దాల బీరువాలో అలాగే నిలబడి ఉందనీ, దానికి అద్దె కూడా మేమే కడుతున్నామనీ నాకు తట్టలేదు. కట్టయ్యే ముందు రోజు బ్యాంకు నుంచి మెసేజ్ వచ్చేది. ఇంటర్నెట్టుదో, పిల్లలు చూసే ఆటలదో అనుకుని వేలితో పక్కకు తోసేసేవాణ్ని. కొత్తిమీర కట్ట దగ్గర నిలబడి కొట్లాడే మనిషిని నేను.

ఈ ఏడు ఎండాకాలం మొదట్లో ఒకాయన తన అక్కను వెంటబెట్టుకుని దుకాణానికి వచ్చాడు. కుక్కర్ కావాలన్నారు. చెల్లెలు మూడు రకాలు తీసి ముందు పెట్టింది. అక్క మూతలు తిప్పి చూస్తోంది గానీ ఆయన చూపు కుక్కర్ల మీద లేదు. కాసేపటికి ఫోన్ తీసి, తెరను, చెల్లెలి మొహాన్ని ఒకటికి రెండుసార్లు చూసి, "ఫొటోల జెర సన్నగ ఉన్నరు" అన్నాడు. అక్క ఆయన మోచేతిని గిల్లింది. ఫోన్‌లో ఆకుపచ్చ చీరలో మా చెల్లెలు, నేను తీసిన ఫొటోనే. అల్వాల్‌లో వాళ్లకు సొంతిల్లుందనీ, మొదటి భార్య పోయి చాలా రోజులైందనీ అక్క నాకు చెప్పడం మొదలుపెట్టింది. చెల్లెలు మూడు కుక్కర్లూ తుడిచి, ఒక్కొక్కటే పెట్టెలో పెట్టి, అరలోకి ఎక్కించింది.

వాళ్లు వెళ్లాక ఒక్క మాటే అంది. "ఇయ్యాలనే తీసెయ్యి అన్నా. మల్ల ఎవ్వడన్న గిట్ల ఫోన్ పట్టుకొని వస్తే నేను గీ కౌంటర్ల కూసోను."

తను ఆ మాట ఊరికే అనలేదని నాకు తెలుసు. ఆ కౌంటర్ తప్ప తనకు వేరే చోటు లేదు. మా ఇంట్లో, చిలకలగూడలో, తను నా భార్యకు ఆడబిడ్డ, నా పిల్లలకు మేనత్త. దుకాణంలో మాత్రమే తను తను. అక్కడ ఎవరూ తనను ఎగాదిగా చూసేవాళ్లు కాదు, తనే గిన్నెను ఎగాదిగా చూసి ధర చెప్పేది.

నేను బస్తాల మీద కూర్చుని యాప్‌ను మళ్లీ ఫోన్‌లోకి దించాను. రద్దు చేసే చోటు వెతకడానికే చాలాసేపు పట్టింది. సెట్టింగుల్లో, ప్లాన్ వివరాల కింద, సహాయం అనే మాట వెనకాల ఎక్కడో దాక్కుని ఉంది. నొక్కాను. కళ్లలో నీళ్లు పెట్టుకున్న పెళ్లికూతురి బొమ్మ వచ్చింది. మీరు నిజంగా వెళ్లిపోతున్నారా అని అడిగింది. ఉంటాను అన్నది తెరంత వెడల్పున ఎర్రగా ఉంది. వెళ్తాను అన్నది దాని కింద బూడిదరంగులో, కళ్లద్దాలు పెట్టుకుంటే తప్ప కనపడకుండా ఉంది. అది నొక్కాను. అప్పుడు వచ్చింది: మీ కోసం మాత్రమే, సగం ధర.

నా చెవులు నిక్కబొడుచుకున్నాయి. ఆ గొంతు నాకు తెలుసు. పై మెట్టు మీదే పిలిచేశారు, కొత్తవాళ్లు, తొందర ఎక్కువ. ఇంకో మెట్టు దిగాను. మూడు నెలల ధరకు తొమ్మిది నెలలన్నారు. ఇంకో మెట్టు. ఇంతలో కస్టమర్ కేర్ నుంచి ఒక అమ్మాయి ఫోన్ చేసింది. ఎంతో మర్యాదగా, ఏం ఇబ్బంది వచ్చిందని అడిగింది. ధర ఎక్కువన్నాను. అలవాటు కొద్దీ అన్నాను, నోరు దానంతటదే అంది. లైన్‌లో ఉండమని, ఎవరినో అడిగొచ్చినట్టు కాసేపు పాట వినిపించి, అదే డబ్బుకు ఏడాదంతా ఇస్తామంది. పైగా ఫొటోను పైవరసలో పెడతామంది. ఆఖరి మెట్టు. ఇంతకన్నా దిగితే పిలుపు ఉండదు.

సరేనన్నాను. డబ్బు కట్టయినట్టు ఫోన్ టింగుమంది.

నిజం చెప్పాలంటే ఆ క్షణంలో నాకు చాలా సంతోషంగా ఉంది. నాన్న ఉంటే భుజం తట్టేవాడనుకున్నాను. మిషను చప్పుడులో వినపడదని చెల్లెలి దగ్గరిదాకా వెళ్లి, నాలుగో వంతు ధరకు ఎలా దించానో మొత్తం చెప్పాను. తను మిషను ఆపింది. చెక్కుతున్న పళ్లెం మీద వరుడి పేరు అయిపోయి, వధువు పేరు సగంలో ఉంది.

"నన్ను తీసెయ్యమన్న అన్నా. చవకకు పెట్టమనలే."

మళ్లీ మిషను పెట్టుకుంది. ఆ మధ్యాహ్నం డబ్బా విప్పి నా వాటా అన్నం కూరలు పళ్లెంలో పెట్టి నా వైపు జరిపి, తన వాటా తీసుకుని గోడవైపు తిరిగి కూర్చుంది.

పైవరసలో పెడతామన్న మాటను వాళ్లు నిలబెట్టుకున్నారు. నా ఫోన్ మోగడం షురూ అయింది. దుకాణం నంబరు కూడా అందులో నేనే ఇచ్చి ఉన్నాను. ఒకాయన తన పిల్లలు పెద్దవాళ్లేననీ, ఏ తక్లీఫూ ఉండదనీ చెప్పాడు. ఇంకొకాయన దుకాణం ఎవరి పేరు మీద ఉందని అడిగాడు. చెల్లెలు ఫోన్ ఎత్తడం మానేసింది. అది మోగినంతసేపూ దాన్నే చూస్తూ ఉండేది. తర్వాత ఒకరోజు నేను వెళ్లేసరికి తన స్టూలు కౌంటర్ దగ్గర లేదు. ఒకదాని మీద ఒకటి పేర్చిన బిందెల వెనక్కి జరుపుకుంది, రోడ్డు మీద పోయేవాళ్లకు కనపడకుండా. మిషను చప్పుడు మాత్రం వస్తోంది. కొనడానికి వచ్చినవాళ్లు చిన్నమ్మ రాలేదా అని అడుగుతుంటే, ఉందని చెప్పి నేను ధరలు తప్పులు చెబుతూ కూర్చున్నాను.

అప్పుడు పట్టుకున్నాను ఆ రద్దు పనిని నిజంగా. ముందు డబ్బు పంపే యాప్ తెరిచాను. మన అనుమతితో దానంతటదే కట్టయ్యేవన్నీ వరసగా కనపడే చోటు అందులో ఒకటుందట, ఇన్నేళ్లలో అటు వెళ్లనే లేదు. పెళ్లిసంబంధాల వాళ్లు అక్కడున్నారు. వాళ్ల పక్కనే నేనెప్పుడో ఒక నెల ఉచితమంటే పెట్టించుకున్న పాటల యాప్, పొట్ట తగ్గించే యాప్ కూడా చేతులు చాచి నిలబడి ఉన్నాయి. పొట్ట నా దగ్గరే ఉంది, డబ్బులే పోయాయి. అన్నింటినీ ఆపేశాను. ఇక డబ్బు కట్ అవదు గానీ ఫొటో పోవాలంటే ప్రొఫైల్‌ను విడిగా తీసేయాలట. కస్టమర్ కేర్‌కు చేశాను, ఒక అమ్మాయి ఎత్తింది. ఏడాది డబ్బు తిరిగి రాదని ముందే చెప్పేశారు. రెండోసారి అడగలేదు నేను. ఇంకో మూడు నెలలు ఉచితంగా కలుపుతామంది ఆ అమ్మాయి. వద్దన్నాను. ఫొటో మార్చి చూడమంది. వద్దన్నాను. నన్ను వెనక్కి పిలుస్తున్న కొద్దీ ఈసారి ఆగకుండా మెట్లు దిగిపోయాను.

ఆఖరికి కారణం ఎంచుకోమంది. తెర మీద మూడే ఉన్నాయి. మా ద్వారా పెళ్లి కుదిరింది, వేరే చోట కుదిరింది, కొన్నాళ్లాగి వస్తాం. వద్దు అన్నది లేదు.

"కుదిరిందని పెట్టండి సార్, వెంటనే తీసేస్తారు" అని ఆ అమ్మాయి గొంతు తగ్గించి చెప్పింది. "ఆగి వస్తామని పెడితే ఫొటో ఉంటది."

ఫోన్ పట్టుకుని బిందెల వెనక్కి వెళ్లాను. ఏం పెట్టాలని చెల్లెల్ని అడిగాను. తను చెయ్యి కొంగుకు తుడుచుకుని, ఫోన్ తీసుకుని, చదివి, వేరే చోట కుదిరింది అన్నదాన్ని తనే నొక్కింది. తెర మీద పూలు రాలాయి. శుభాకాంక్షలన్నారు. పెళ్లి సామాన్ల మీద తగ్గింపు కూపన్ కూడా పంపారు. తను పూలు రాలడం పూర్తయ్యేదాకా చూసి ఫోన్ నా చేతికిచ్చింది.

మర్నాడు నేను దుకాణం చేరేసరికి గంగాళం కింద ఉంది. తళతళలాడేలా తోమి, గుమ్మం దగ్గర అమ్మకం సరుకుతో కలిపి పెట్టింది. పంచె మడిచి కౌంటర్ మీద ఉంది.

మధ్యాహ్నానికి కార్ఖానా బస్తీ నుంచి భార్యాభర్తలు వచ్చారు, వాళ్లమ్మాయి పెళ్లికి సామాన్లు తీసుకోవడానికి. ఆమె కన్ను గంగాళం మీద పడింది. వేలితో కొట్టి చప్పుడు విని, ఎంతని అడిగింది. బిందెల వెనక నుంచి చెల్లెలు ధర చెప్పింది. సరైన ధరే. ఆమె జెర చూసి చెప్పమంటూ ఇత్తడి తూకానికి కూడా రాని ధర అడిగింది. చెల్లెలు ఇంకో ధర చెప్పలేదు. ఆమె కొంగు సర్దుకుని మెట్లు దిగడం మొదలుపెట్టింది. పిలిచే మాట నా నాలుక మీద ఉంది, బయటికి రాలేదు. పోనీ, పోతే మళ్లీ పై అరకు ఎక్కిద్దామనుకున్నాను. ఆమె ఆఖరి మెట్టు మీద ఆగీ ఆగనట్టు ఆగింది.

"రాండ్రి అమ్మా," అంది చెల్లెలు వెనక నుంచి. "మీ మాటే కానియ్యుండ్రి."

తను పిలవడం నేను వినడం అదే మొదలు. ఆమె వెనక్కి వచ్చి అమ్మాయి పేరు, అల్లుడి పేరు చెప్పింది. గంగాళం దొర్లకుండా నేను రెండు చేతులతో పట్టుకున్నాను. చెల్లెలు అంచు కింద ఖాళీలో చుక్క పక్కన చుక్క పెడుతూ వాళ్ల పేర్లు దించింది. ఇత్తడి అదురు నా మోచేతుల దాకా వచ్చింది. అక్షరాలు ఎప్పటిలాగే ముత్యాల్లా ఉన్నాయి. ఎంత నష్టానికి ఇచ్చిందో మా ఇద్దరికీ తెలుసు.

వాళ్లు ఆటోలో ఎక్కించుకుని వెళ్లాక తను మళ్లీ బిందెల వెనక్కి వెళ్లి కూర్చుంది. స్టూలు ముందుకు తెచ్చి వేయనా అని అడుగుదామనుకుంటుండగా దుకాణం ఫోన్ మోగింది. సామాను కొనే గరాకీదో, పాత ఫొటో ఎక్కడో దాచుకున్నవాడిదో తెలియదు. నేను ఎత్తలేదు, తనూ లేవలేదు. అది ఆగేదాకా ఇద్దరం దానివైపే చూస్తూ ఉన్నాం.