ములాఖాత్‌కు మూరెడు మల్లెలు

మా ఆయన ఓ చిన్న పేపర్లో విలేకరి. బేగంబజార్‌లో మూటలు మోసే హమాలీ ఒకతను ఠాణాలో దెబ్బలకు చనిపోయాడని రాసినందుకు జైల్లో పెట్టారు. ఆ సంగతి ఎవరు చెప్పారో పేరిస్తే వదిలేస్తామని పోలీసుల కబురు మీద కబురు. ఆయన నోరు విప్పలేదు.

చెప్పిందెవరో నాకు తెలుసు. మాదన్నపేటలో మా గల్లీకి రోజూ పూలు తెచ్చే ఆమె. పొద్దున్నే గుడిమల్కాపూర్ పూల మార్కెట్ నుంచి గంప తెచ్చి, మొదటి దండ ఆ ఠాణాలో దేవుడి పటానికి వేసి, తర్వాతే ఇళ్లకు వస్తుంది. ఆ దండ వేయడానికి పోయినప్పుడే ఆ హమాలీని కొట్టడం చూసింది.

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. ఆయన్ని పట్టుకుపోయిన మర్నాడు ఆమె గడపలో నిలబడితే మొహం మీదే తలుపు వేశాను. ఆమె కదలలేదు.

"అక్కా, నేనే పోయి చెప్త. అన్నను ఇడుస్తరు" అంది తలుపు అవతల నుంచి.

అబద్ధమెందుకు, పొమ్మందామనే అనిపించింది. తలుపు తీస్తే ఆమె అప్పటికే గంప ఎత్తుకుని ఠాణా దిక్కు మళ్లింది.

"గా ముచ్చట మల్ల ఎత్తకు. నీకేమన్నైతే మీ అన్న నా మొహం చూస్తడా? మూరెడు కొలిచియ్యి" అన్నాను.

వారానికోసారి ఆమె ఇచ్చిన మల్లెలు పెట్టుకుని జైలుకు ములాఖాత్‌కు పోయేదాన్ని. అద్దానికి అటు ఆయన, ఇటు నేను, మాట్లాడటానికి ఫోను. మా మాటలు వింటారని ఇద్దరికీ తెలుసు. అందుకే కూరలు, నల్లా నీళ్లు, ఇవే కబుర్లు. ఆయన చూపు మాత్రం వచ్చీరాగానే నా జడ మీదికి పోయేది. పదేళ్ల కాపురంలో నా జడ వైపు చూడని మనిషి! జైలుకు పోతే గానీ ప్రేమ పుట్టలేదా అని లోలోపల మురిసిపోయాను కూడా.

ఓ వారం తలస్నానం చేసి, జుట్టు ఆరక, పూలు దేవుడికి పెట్టేసి వెళ్లాను. ఆయన నా తల చూశాడు. మొహం పాలిపోయింది. ఫోను తిరగేసి చెవికి పెట్టుకున్నాడు.

"పానం బాగలేదా?" అంటే తల అడ్డంగా ఊపాడు. ఇంతలో టైమ్ అయిపోయిందన్నారు.

తిరిగొస్తుంటే బస్సులో తట్టింది. ఆయన చూసేది నన్ను కాదు, పూలను. పూలు వస్తున్నాయంటే ఆమె బయట క్షేమంగా ఉన్నట్టు. ఇప్పుడు ఆమె దొరికిపోయిందనుకుని వారమంతా కుమిలిపోతాడు. నా మతి మండ, అని బస్సులోనే ఏడ్చాను.

తర్వాతి ములాఖాత్ రోజు ఆమె చేతనే జడలో పెట్టించుకున్నాను. రెండు మూరలు. ఆయన చూసి, అద్దానికి నుదురు ఆనించాడు. తర్వాత ఫోను తీశాడు.

"ఏం కూర చేసినవ్?"

"టమాట. పూలు మంచిగున్నయా?"

"నీకు మస్తున్నయ్" అన్నాడు. ఈసారి నా మొహమే చూస్తున్నాడు.