జెల్ల ముల్లేనన్న మణెమ్మ

మా దవాఖానలో కొత్తగా చేరిన నర్సులకు ఈ కేసు గురించి ఎవరు చెప్పినా ఒకే తీరుగా చెబుతారు. చేపలు పట్టే ఆడమనిషి చేతికి ముల్లు గుచ్చుకుందని వచ్చిందట, హెడ్ సిస్టర్ ఆమె కంటిరెప్పలు చూసి ఇది కట్లపాము కాటని పట్టేసిందట, డాక్టరు కన్నా ముందే పట్టేసిందట. ఆ హెడ్ సిస్టర్ని నేనే. వినడానికి బాగానే ఉంటుంది కానీ, నేను అక్కడుంటే మధ్యలోనే ఆపేస్తాను. ముందు పాము అన్నది డాక్టరే. కాదని వాదించి గెలిచింది నేను. ఆ గెలుపు ఒక మనిషి ప్రాణం మీదికి తెచ్చింది.

తెలంగాణ వచ్చాక మూడో వానకాలం. జడ్చర్లకు దగ్గరలో పది మంచాల సర్కారు దవాఖాన. అంతకు ముందు రెండేండ్లు కరువు. ఆ ఏడు మాత్రం వాన వదలకుండా కొట్టి, ఎప్పుడో ఎండిపోయిన చెరువులు కూడా నిండాయి. పొద్దున ఏడున్నరకు డ్యూటీలోకి వచ్చేసరికి బెంచీ మీద ఇద్దరు ఆడవాళ్లు. ఒకామె తడిసిన చీరతో, ఒళ్లో పాత పెయింటు డబ్బా పెట్టుకొని కూర్చుంది. ఆమె మణెమ్మ. పక్కన నిలబడ్డది ఆమె ఆడబిడ్డ చెన్నమ్మ.

"ఏమైంది?" అన్నాను.

"ఏం గాలేదు సిస్టరమ్మ. చెరువుల జెల్ల గుచ్చింది. గీమెనే ఊకె లొల్లి వెట్టి తోలుకొచ్చింది."

"లొల్లి వెట్టకుంటె నువ్వొస్తవా వదినె? రేపు మా అన్న నన్నడిగితే ఏం చెప్పాలె?" అంది చెన్నమ్మ.

కుడిచేతి చూపుడువేలి పక్కన రెండు చిన్న గాట్లు, చీమ కుట్టినంత. వాపు లేదు. పైగా ఆ చెయ్యి నిండా పాత ముళ్ల మచ్చలే, వాటిలో కొత్తవి ఏవో పాతవి ఏవో దేవుడికే తెలియాలి. డబ్బాలో ఏముందో చూశాను. ఒక జెల్ల, రెండు పాపెరలు.

తెలియనివాళ్లకు చెప్పాలి. పాపెరను చూస్తే ఎవరైనా పామనే అనుకుంటారు. జానెడు పైన పొడుగు, ఒళ్లంతా గోధుమరంగు మచ్చలు, మూతి చివర మెత్తటి మొన. వీపు మీద రంపం పళ్లలాగా చిన్న ముళ్ల వరుస ఉంటుంది, రాళ్ల సందుల్లో దాక్కున్నదాన్ని చెయ్యి పెట్టి పట్టుకుంటే వాటిని నిక్కిస్తుంది. గీరుకుంటుందే తప్ప విషం లేదు. జెల్ల అలా కాదు. మీసాల చేప. రెండు పక్కలా చెరొకటి, వీపున ఒకటి ముళ్లుంటాయి. అవి దిగితే మగవాళ్లు కూడా ఏడుస్తారు. అందుకే పట్టేవాళ్లు జెల్ల వల్లోంచి రాగానే ముళ్లు విరిచి బుట్టలో వేస్తారు.

నేను పాపెరను చూసి పదేండ్లు దాటింది. చెరువుల్లో ఇప్పుడు చేపపిల్లలను తెచ్చి వదిలి పెంచే బొచ్చెలు, రవ్వులే. చిన్నప్పుడు మా అవ్వ చింతపులుసు పోసి వండితే ఇల్లంతా పట్టే వాసన ఒకటి ఉండేది. సిగ్గు లేకుండా చెబుతున్నాను, పేషెంటు చెయ్యి వదిలేసి డబ్బాలోకి వంగి ఆ వాసన కోసం ముక్కు పెట్టాను.

"సిస్టరమ్మ, మీకాడ ఫ్రిజ్ ఉంటదంట. జర గీ చాపల్ని అండ్ల వెట్టియ్యరాదు. మా ఇంటాయన వచ్చేదాక చెడిపోవద్దు," అంది మణెమ్మ.

"గది టీకాల ఫ్రిజ్. పిలగాండ్ల పోలియో సుక్కలకు నీ పాపెర వాసన పట్టాల్నా?"

"పట్టనియ్యి. బలమొస్తది."

ఇంతలో డ్యూటీ డాక్టరమ్మ వచ్చింది. నాకన్నా పదిహేనేండ్లు చిన్న, హైదరాబాదు పిల్ల. చెయ్యి చూసి, "చెయ్యి రాళ్ల సందుల్లో పెట్టానంటోంది సిస్టర్. పాము కూడా కావచ్చు. అబ్జర్వేషన్‌లో పెడదాం," అంది. అబ్జర్వేషన్ అంటే ఒక పగలు, ఒక రాత్రి మంచం మీద ఉంచి గంట గంటకూ బీపీ, ఊపిరి, కళ్లు చూస్తూ ఉండటం.

నేను ఊరుకుంటానా? "మేడమ్, మీరు చేపను ప్లేట్లో చూసినవాళ్లు. నేను చెరువు కట్ట కింద పుట్టినదాన్ని. పాము కరిస్తే ఈమె ఇట్ల ముచ్చట్లు చెప్పుకుంట కూసుంటదా?" అన్నాను. ఆమె ఒకటంటే నేను రెండన్నాను. బీఎస్సీ నర్సింగ్ చదివాను, ఇరవయ్యేండ్ల సర్వీసు ఉంది, నోరు అంతకన్నా పెద్దది. చివరికి ఆమె, "సరే, ఒక గంటైనా కూర్చోబెట్టండి," అని లోపలికి పోయింది.

చేప ముల్లుకు చేసే వైద్యం సులువే. ఓర్చుకోగలిగినంత వేడినీళ్లలో చెయ్యి పెడితే ఆ విషం బలం తగ్గి మంట దిగుతుంది. బేసిన్ తెచ్చి ముందు పెట్టాను. వేళ్లు నీళ్లను తాకీ తాకకముందే, "తగ్గింది," అంది మణెమ్మ. అంత త్వరగా ఏ మంటా తగ్గదు. ఆ మాట విన్నాను, వదిలేశాను. నాకు కూడా అది చేపే కావాలి. ఇన్నేండ్లకు చెరువు నిండిన మూడో రోజే పాము పేరు వినడం నాకు ఇష్టం లేదు.

చెయ్యి నీళ్లలో ఉంచి ఆమె తన సంగతి చెప్పింది. మొగుడు కుర్మయ్య పూనాలో మేస్త్రి పనిలో ఉన్నాడు. చెరువు ఎండిన ఏడు పోయాడు, ఎనిమిదేండ్లయింది. వస్తాడు, నాలుగు దినాలుంటాడు, పోతాడు.

"చెరువు నిండితే వస్త, మల్ల పోను అన్నడు. మొన్న మత్తడి దుంకింది సిస్టరమ్మ. చెన్నమ్మ ఫోటో తీసి పంపింది. ఇంకా జవాబు రాలే. వచ్చిన దినం పాపెర పులుసు వండి పెడ్దామని పొద్దుగాలనే నీళ్లల్ల దిగిన." మత్తడి అంటే చెరువు నిండితే మిగిలిన నీళ్లు దాటిపోయే కట్టడం. అది దుంకిందంటే ఊరికి అంతకన్నా మంచివార్త లేదు.

"మరి ఫోను చెయ్యి. దెబ్బ తగిలిందని చెప్పు, ఉరికొస్తడు," అన్నాను.

"వద్దు. రోగానికొచ్చినోడు రోగం తగ్గంగనే పోతడు. చెరువుకొస్తే ఉంటడు."

నాకు కోపం వచ్చింది. ఆమె మీదనో, ఆ మొగుని మీదనో. "గంత ప్రేమ, గంత పావురముంటే ఎనిమిదేండ్లు ఎందుకు ఊకున్నవే, పూనాకు నువ్వు పోవద్దా, కొంగు పట్టి గుంజుకరావద్దా," అని అందుకున్నాను.

మణెమ్మ నా వైపు చూసి నెమ్మదిగా అంది. "అబ్బ, నువ్వొక్కదానివి నోరు వెట్టుకుంటెనే ఓర్వలేకున్న సిస్టరమ్మ. ఇప్పుడు ఇద్దరయినరు."

చెన్నమ్మ నవ్వింది. నేనూ నవ్వాను. "ఇద్దరెవరే?"

"నువ్వే. ఒకరి పక్కన ఒకరున్నరు."

నా నవ్వు సగంలో ఆగిపోయింది. కట్లపాము కాటు నొప్పి పుట్టదు, వాచదు. విషం నరాలను పడుతుంది. ముందు రెప్పలు వాలతాయి, ఒక మనిషి ఇద్దరుగా కనబడతాడు. తర్వాత మింగుడు పడదు, మెడ నిలవదు, ఆఖరుకు ఊపిరి. ఆమె రెప్పలు సగానికి దిగి ఉన్నాయి. తెల్లవారకముందే లేచింది, నిద్రమత్తు అనుకున్నాను.

"పైకి చూడు," అన్నాను. కనుగుడ్లు కదిలాయి, రెప్పలు లేవలేదు.

"మణెమ్మా, నిజం చెప్పు. రాళ్ల సందుల చేతికి దొరికినదాన్ని పట్టుకున్నప్పుడు ముల్లు నిక్కిందా?"

ఆమె తడి చెయ్యి బేసిన్‌లోంచి తీసి కొంగుకు తుడుచుకుంది. "లేదు. నున్నగుండె," అంది.

అప్పుడు అరిచాను డాక్టరమ్మను. ఆమె ఏఎస్‌వీ బుడ్లు, అంటే పాము విషానికి విరుగుడు మందు, అప్పటికే బయటికి తీసి పెట్టి ఉంది. నేను గెలిచాననుకొని వేడినీళ్లు కాచుకుంటున్నప్పుడు ఆమె చేసిన పని అది. మణెమ్మ ప్రాణం ఎవరైనా నిలబెట్టారంటే ఆ పిల్ల నిలబెట్టింది. సెలైన్‌లో మందు ఎక్కుతుండగానే మణెమ్మ గొంతు ముక్కులోకి మారింది. "ఆయనకు చెప్పకు," అంది. ఆ రోజు ఆమె మాట్లాడిన చివరి మాట అదే.

అంబులెన్సులో జిల్లా దవాఖానకు బయలుదేరాం. సగం దూరం పోకముందే ఊపిరి సన్నబడింది. ముక్కు, నోరు మూసే మాస్కు పెట్టి అంబు బ్యాగ్ ఒత్తడం మొదలుపెట్టాను. అది చేత్తో ఒత్తి ఊపిరి లోపలికి పంపే సంచి. ఒక ఒత్తు, ఐదు లెక్కపెట్టడం, ఇంకో ఒత్తు. అప్పుడు చెన్నమ్మ చేతిలో ఉన్న మణెమ్మ ఫోను మోగింది. చెన్నమ్మ వెక్కి వెక్కి ఏడుస్తోంది. ఫోను తెచ్చి నా చెవికి ఆనించింది.

"ఏమే మణీ," అన్నాడు అటువైపు మనిషి. గొంతు నిండా నవ్వు. "మత్తడి దుంకిందంట గద. ఫోటో చూసిన. గందుకే..."

నేను ఆగలేదు. ఎన్నడూ ఆగను. "నేను నర్సును మాట్లాడుతున్న. నీ పెండ్లాన్ని పాము కరిచింది. ఊపిరి నా చేతుల ఉన్నది. ఏ బస్సు దొరికితే ఆ బస్సెక్కు," అన్నాను. కాసేపటికి ఫోను కట్ అయింది.

మణెమ్మ నాలుగు రోజులు వెంటిలేటర్ మీద ఉంది. కుర్మయ్య మర్నాడే దిగాడు. మంచం పక్క నుంచి కదల్లేదు, తిండి తన చేత్తోనే పెట్టాడు, ఏ మాట ఆ మాటే చెప్పాలి. ఆమె లేచి ఇంట్లో తిరగడం మొదలైన వారానికి మళ్లీ పూనా బస్సు ఎక్కాడు.

చలికాలంలో మణెమ్మ ఒక్కతే నా దగ్గరికి వచ్చింది. రోగం ఏమీ లేదు. బెంచీ మీద కూర్చొని, పాము పేరెత్తకుండా పురుగంటూ, ఆ పొద్దు సంగతి చెప్పింది. "నీళ్లల్ల మునిగిన సందుల పాపెర ఉంటది, నీళ్ల మీది సందుల పురుగుంటది. చిన్నప్పటిసంది తెల్సిందే. ఎనిమిదేండ్లు నీళ్లు లేవు గద, చేతులు మరిచినయి. ఒక రాయి పైకి, నీళ్ల మీది సందుల చెయ్యి పెట్టిన. నీరుకట్టె అయ్యుంటది, విషం లేనిదే, అని మనసుకు చెప్పుకున్న." తర్వాత అసలు వచ్చిన పని అడిగింది. "గా దినం ఫోన్ల ఆయన ఏమన్నడు సిస్టరమ్మ?"

అక్షరం మార్చకుండా చెప్పాను.

"గందుకే... అన్నంక?"

"నేనే నడిమిట్ల అందుకున్న. ఆయన్నే అడగకపోయినవా?"

"అడిగిన. యాదికి లేదంటడు." లేచి కొంగు దులుపుకొని, "నువ్వు ఊపిరి పోస్తుంటివి, ఏం జేస్తవు," అని నన్నే సముదాయించి పోయింది. ఆమె తిట్టి ఉంటే బాగుండేది, జవాబు చెప్పగలిగేదాన్ని.

అప్పటినుంచి కాటు కేసు వస్తే, ఏం కరిచిందని అడిగి ఊరుకోను. ఆ జవాబులో మనిషి కోరిక కలిసి ఉంటుంది, వినే నర్సు కోరిక కూడా కలుస్తుంది. ఇంట్లో ఎవరికి చెప్పొద్దనుకుంటున్నావని అడుగుతాను. నిజం ఎక్కువగా అక్కడే దొరుకుతుంది. కొత్త నర్సులకు కూడా అదే నేర్పుతాను.

కుర్మయ్యకు చెప్పడం తప్పు అని నేను ఒప్పుకోను. మనిషి చచ్చిపోతుంటే చెప్పకుండా ఎవరుంటారు? కానీ అంబు బ్యాగ్ ఒక ఒత్తుకూ ఇంకో ఒత్తుకూ మధ్య ఐదు లెక్కపెట్టే వ్యవధి ఉంటుంది. అందులో ఒక మాట పడుతుంది, ఆయన్ను పూర్తి చెయ్యనియ్యాల్సింది. చెరువు నిండింది, గందుకే ఏం చేయబోతున్నాడు ఆ మనిషి?