జెండా మీద సూది బొక్కలు

పాత జెండా అంచులోంచి లాగిన దారంతోనే గంగులయ్య దాని చిరుగుకు రఫూ మొదలుపెట్టాడు. కొత్త దారమైతే రంగు కలవదు. జెండా తెచ్చిన హెస్సా మిర్కాబ్ పేటలోని ఆ టైలరు షాపులో ఫోను చూసుకుంటూ కూర్చుంది. ఆమె ఎవరి మనవరాలో గంగులయ్యకు గుడ్డ విప్పి కుట్టు చూడగానే తెలిసిపోయింది.

తొంభయ్యో సంవత్సరం ఆగస్టు. ఇరాక్ సైన్యం దిగి వారం కూడా కాలేదు. ఆడవాళ్లు అబాయాలు వేసుకుని, తమ దేశం జెండా పట్టుకుని నిరసన ఊరేగింపు తీయాలనుకున్నారు. గంగులయ్య అప్పుడు నూరియా మామా ఇంట్లో టైలరు; అక్కడ ఇంటి యజమానురాల్ని మామా అనే పిలుస్తారు. తలుపులేసుకుని ఈ జెండా కుట్టాడు. కడప నుంచి కొత్తగా వచ్చినవాడు, మన జెండా అలవాటు కొద్దీ ఆకుపచ్చను అడుగున పెట్టేశాడు. మామా నోటికి చెయ్యడ్డం పెట్టుకుని నవ్వింది. బ్లేడుతో అంతా విప్పి మళ్లీ కుట్టాడు; మొదటి కుట్ల బొక్కలు గుడ్డ మీద మిగిలిపోయాయి.

"నీ పేరు నా నోట రాదు" అని ఒట్టేసింది మామా.

ఊరేగింపైన మూడోరోజు సైనికులు ఇంటికొచ్చారు. "నాకేం తెలీదు, మా టైలరు గంగులయ్య కుట్టాడు" అని ఆమె చెప్పడం తలుపు వెనక నుంచి అతను చెవులారా విన్నాడు. బియ్యం బస్తాలో దాచిన జెండా దొరకలేదు, అతను దొరికాడు. వారానికి వదిలారు. ఎడమచేతి చూపుడువేలు ఇప్పటికీ వంగదు.

"రేపు మా బడిలో అద్దాలపెట్టెలో పెడుతున్నారు, రఫీక్" అంది హెస్సా, అక్కడ పనివాళ్లెవరినైనా పిలిచినట్టే. "మా అవ్వ ఒక్కతే కుట్టింది. పోయేదాకా అదే చెప్పేది. ఈ రెండో వరస బొక్కలు చూడు, పాపం చెయ్యి వణికుంటుంది. ఇస్త్రీతో మూసెయ్."

"వణకలేదమ్మా. కుట్టినోడికి పచ్చ ఎటుపక్కో తెలీలేదు."

"ఎవడు వాడు?"

"నేనే."

హెస్సా పకపకా నవ్వింది. "అప్పుడున్నవాళ్లంతా ఇట్లాంటిదే ఏదో ఒకటి చెబుతారు. యల్లా, త్వరగా కానియ్, కాఫీ తాగొస్తా."

ఆమె వెళ్లగానే పక్క మిషను మీది వెంకటేష్ కుట్టడం ఆపేశాడు.

"ఏందన్నా ఇది! సైన్యానికి చెప్పిన పేరు, సొంత మనవరాలికి చెప్పలేదా ఆయమ్మ?"

"చెప్పలే."

"అట్లయితే నాలుగు కుట్లేసి పారేయ్. నీకెందుకింత రఫూ?"

"గుడ్డేం చేసిందిరా?"

రఫూ ముగిసింది. వేలితో తడిమినా చిరుగు జాడ లేదు. ఇస్త్రీపెట్టె వేడెక్కింది. తడి చేసి, గోటితో రుద్ది, ఆవిరి పడితే ఆ బొక్కలు మూసుకుపోయేవే. గంగులయ్య చుట్టూతా ఇస్త్రీ చేసి, ఆ వరస జోలికి పోకుండా మడతపెట్టాడు.

హెస్సా వచ్చి మడత విప్పి చూసింది. "బొక్కలు అట్లనే ఉన్నాయే?"

"అవి పోవమ్మా" అని సంచిలో పెట్టి అందించాడు.