బంతిలో ఆఖరి ముద్ద

మా మేనత్త పోయిందన్న కబురు కాలేజీ స్టాఫ్ రూంలో, నేను టిఫిన్ డబ్బా మూత తీస్తుండగా వచ్చింది. బూర్గంపాడు నుంచి బావ ఫోన్. "అమ్మ పోయిందే," అన్నాడు. తర్వాత, అదేదో నన్ను ఓదార్చే మాటయినట్టు, "పొద్దుగాల కడుపునిండ తిన్నది. తిని గోడకు ఆనుకొని కూసున్నది. గంతే," అన్నాడు.

నిజంగా అది ఓదార్పే. ఎందుకో అర్థం కావాలంటే ఆమె తిండి సంగతి మీకు చెప్పాలి.

పినపాక అవతల, అడవి పల్లెల ఆడపిల్లలు చదువుకునే హాస్టల్లో అత్త వంటమనిషి. పెళ్లయిన కొత్తలో చేరి, జుట్టు నెరిసాక రిటైరైంది. శాలువా కప్పి, ఫోటో తీసి, బస్సెక్కించారు. మర్నాడు తెల్లారకముందే లేచి ఇంట్లో వంట మొదలుపెట్టింది. ఇంట్లో ఉన్నది తను, బావ, కోడలు, మనవరాలు. ఆ రోజు కాచిన చారు వీధి మొత్తానికి సరిపోయేది.

"అత్తమ్మా, మనం నలుగురమే," అంది కోడలు నవ్వుతూ.

"అవ్, నాకు తెలుసు. నా చెయ్యికే తెల్వదు."

రేపటి నుంచి తగ్గిస్తానంది. తగ్గలేదు. చిన్న గిన్నె పొయ్యి మీద పెట్టినా ఉప్పు మాత్రం పెద్ద కాగుకు పడ్డట్టే పడేది. నెల తిరగకుండానే, ఎవరూ ఏమీ అనకముందే, వంటింట్లోకి వెళ్లడం తనే మానేసింది. కోడలు చాలా మంచి మనిషి. అత్తకు అదే కష్టమైంది, తిట్టుకోవడానికి కూడా ఎవరూ లేరు. ఖమ్మం నుంచి నేను ఎప్పుడు వెళ్లినా ఇంటి ముందు కుర్చీలో కూర్చుని, దారిన పోయేవాళ్లను "తిన్నరా?" అని అడుగుతూ కనిపించేది. వాళ్లు తిన్నామంటే ముఖం చిన్నబోయేది.

చదువుకున్నదాన్ని కదా, నాకు సలహాలు చాలా తెలుసు. పొద్దున్నే నడవమన్నాను. టీవీలో ప్రవచనాలు వినమన్నాను. "ఇన్నేళ్లు చేశావు, ఇక హాయిగా ఉండు అత్తా," అన్నాను.

"ఖాళీగ ఉండుడు నాకు రాదు బిడ్డా. నువ్వు కాలేజీల పాఠం చెప్తవు గదా, అది గూడ నేర్పు, నేర్చుకుంట."

ఎగతాళి చేసిందనుకుని నవ్వాను. బస్సులో తిరిగి వస్తుంటే ఆ మాట వదల్లేదు. పని పోతే మనిషికి ఇంకేం మిగులుతుందో నాకూ తెలియదు. నేను మాత్రం ఎవరికి నేర్పగలను?

ఆ తర్వాత గోదావరి బాగా పెరిగిన ఏడు వచ్చింది. కింది వీధులవాళ్లంతా పిల్లలనూ మేకలనూ వెంటబెట్టుకుని మా వాళ్ల వీధి చివరి బడిలోకి చేరారు. అన్నం పొట్లాలు వస్తాయన్నారు గానీ రోడ్డు మునిగింది. అత్త ఎవరినీ అడగలేదు. బడిలో పిల్లల భోజనాలు వండే కాగులు బయటికి లాగించి, ఇంటింటికీ బియ్యం, పప్పు తెమ్మని కబురు పెట్టింది. "గిప్పుడు నా చెయ్యి కరెక్టే," అందట, కాగులో ఉప్పు వేస్తూ.

నీళ్లు తీశాక కూడా ఆ అలవాటు పోలేదు. నెలకో ఆదివారం వీధంతా కలిసి వండుకుని, బడి వరండాలో వరుసగా కూర్చుని తింటారు. మా వైపు ఆ వరుసను బంతి అంటాం. మొదటి బంతిలో పిల్లలు, ముసలివాళ్లు. ఆఖరి బంతి వండినవాళ్లది. ఎదురింటి సువార్తమ్మ వాళ్లు చర్చి నుంచి వచ్చేదాకా అత్త పప్పు దించేది కాదు. "ప్రార్థన జర జల్దీ ముగించమను మీ పాస్టర్‌ను," అనేది. "పప్పు జర లేటుగ వెయ్యి వదినా," అనేది సువార్తమ్మ.

అలా కొన్నేళ్లు బాగా గడిచాయి. తర్వాత మోకాళ్లు మొరాయించాయి. పొయ్యి దగ్గర నిలబడలేకపోయింది. గరిటె సువార్తమ్మ చేతికి వెళ్లింది.

ఇది రెండో రిటైర్మెంట్. మొదటిది కాగితం చేసింది, ఇది ఒళ్లు చేసింది. మళ్లీ ఆ కుర్చీ, మళ్లీ ఆ "తిన్నరా?" తప్పదేమోనని భయపడి, ఆ ఆదివారం పనిగట్టుకుని వెళ్లాను.

అత్తను మొదటి బంతిలో కూర్చోమన్నారు. అత్త స్తంభాన్ని పట్టుకుని నిలబడింది. "వండేటోళ్లు మొదటి బంతిల కూసుంటరా ఏంది?"

సువార్తమ్మ చేతిలో గరిటెతోనే, "నువ్విప్పుడు వండేదానివి కాదు గదా వదినా," అంది.

కావాలని అన్న మాట కాదు. కానీ వరండాలో అందరూ అత్త వైపు తిరిగారు. అత్త అటూ ఇటూ చూసింది. తర్వాత నా భుజం పట్టుకుని నెమ్మదిగా కిందికి దిగి, మోదుగాకు విస్తరి ముందు కూర్చుంది. పప్పన్నం పొగలు కక్కుతోంది. ముద్ద కలపబోయి వేళ్లు కాలి, చేయి వెనక్కి తీసుకుంది.

"గింత వేడిగుంటదా," అంది. ఇన్నేళ్లలో తన వంట వేడిగా ఎలా ఉంటుందో ఆమెకు తెలియదు. ఎప్పుడూ అందరూ తిన్నాక, నిలబడి, అడుగున చల్లారింది తినేది.

ఆ రోజు చాలాసేపు తింది. పళ్లు సగం లేవు. బంతిలో అందరూ ముగించేదాకా ఎవరూ లేవకూడదు కాబట్టి, అందరం చేతులు ఎండబెట్టుకుని కూర్చున్నాం. ఆమెకు అవతల ఒక ముసలాయన, పక్షవాతం వచ్చిన మనిషి, ఎడమ చేత్తో మెతుకులు ఏరుకుంటున్నాడు. అందరూ తనకోసమే ఆగారని తలెత్తలేక, సగం తిని చాలించేవాడట ఎప్పుడూ. అత్త ఒకసారి అతని విస్తరి చూసి, "సువార్తా, ఇంకింత అన్నం పెట్టు," అని తన విస్తరి చూపించింది. ఆయన వైపు తిరగకుండానే, "నేనింక లేవలే. నువ్వు తిను అన్నా," అంది.

అప్పటినుంచి ప్రతి బంతిలోనూ ఆమె పని అదే. కొత్తగా వచ్చి సిగ్గుపడే కోడళ్లు, నమలలేని ముసలివాళ్లు, కబుర్లలో తిండి మరిచే పిల్లలు, అందరికన్నా వెనక అత్త. ఆమె ముద్ద మిగిలి ఉన్నంతసేపూ ఎవరూ వెనకబడినట్టు కాదు.

"బాగ ముసలిదాన్నయితె గానీ ఈ నౌకరి దొరకలే," అని నాతో అంది ఒకసారి. నేను ఖమ్మం బస్సు కోసం గబగబా తింటున్నాను. "నీ బస్సేమన్న అన్నం తింటదా? మెల్లగ తిను," అంది.

ఇది జీవిత పరమార్థం అని నేను అనలేను. అంత పెద్ద మాట వింటే ఆమె నవ్వేది. పనికొచ్చినప్పుడే మనిషికి విలువా అన్న నా ప్రశ్న అలాగే ఉంది. ఆమె మెల్లగా తిన్నది, అంతే.

ఆమె దినాలకు వండింది సువార్తమ్మే. నన్ను మొదటి బంతిలో, అత్త కూర్చునేచోటనే కూర్చోబెట్టారు. నేను ఎప్పటిలాగే అందరికన్నా ముందు ముగించేశాను. చూస్తుండగా ఒక్కొక్కరి చేయీ ఆగింది. చివరికి ఆ ముసలాయన ఎడమ చేయి ఒక్కటే కదులుతోంది. ఎవరో దగ్గారు. ఆయన తల ఇంకా వంగింది. విస్తరి మడవబోయాడు.

"సువార్తత్తా," అని పిలిచాను. "ఇంకింత అన్నం పెట్టు."

ఆమె నా ముఖం చూసి వడ్డించింది. వేడిగా ఉంది. చిన్న ముద్ద చేశాను. పక్కన విస్తరి మడతపడ్డ అంచు మళ్లీ మెల్లగా తెరుచుకుంది.